తమ్ముణ్ణి నరికినవాణ్ణి వదిలేశారు... పై కోర్టుకు వెళ్లొచ్చా?

ప్రశ్న: మేడమ్, 2021లో పొలం గట్టు తగాదాలో పక్క చేనాయన మా తమ్ముణ్ణి వేటకొడవలితో నరికాడు. తల మీద పడాల్సిన దెబ్బకు చెయ్యి అడ్డం పెట్టి బతికాడు. ఎడమచేతి మూడు వేళ్లు ఇప్పటికీ ముడుచుకోవు. 307 (హత్యాయత్నం) కింద కేసు నడిచింది. చూసిన ఇద్దరూ కోర్టులో ఎదురు తిరిగారు. పది రోజుల కిందట సెషన్స్ జడ్జిగారు అనుమానం ఉందంటూ నిందితుణ్ణి విడుదల చేశారు. ప్రభుత్వం అప్పీలు చేస్తుందో లేదో పీపీగారు (ప్రభుత్వ లాయరు) చెప్పడం లేదు. తెలిసినాయన రివిజన్ వేయమంటున్నారు. తీర్పు, సాక్ష్యాల కాపీలు పంపుతున్నాను.
– ఒక అక్క

జవాబు: అమ్మా, మీరు పంపినవన్నీ రెండుసార్లు చదివాను. రివిజన్ వద్దు, అప్పీలు వేయండి.

మీకు సలహా ఇచ్చినాయన పాత రోజుల లెక్కలో చెప్పి ఉంటారు. నేను ప్రాసిక్యూటర్‌గా చేరినప్పుడు పోలీసు కేసు కొట్టేస్తే అప్పీలుకు ప్రభుత్వమే కదలాలి. బాధితులకు మిగిలేది రివిజనే, అంటే కింది కోర్టు తీర్పు సరిగా ఉందో లేదో చూడమని పై కోర్టును అడగడం. అందులో హైకోర్టు నిర్దోషి తీర్పును తిప్పి శిక్ష వేయడానికి వీల్లేదు, మహా అయితే మళ్లీ విచారించమని కింది కోర్టుకు పంపుతుంది. ఒక తల్లి మా ఆఫీసు బయట బెంచీ మీద తీర్పు కాగితాలు ఒళ్లో పెట్టుకుని, ‘సర్కారు వేయకపోతే నేను వేసుకోకూడదా అమ్మా?’ అని అడిగింది. ఆ రోజు ఆమెకు సరైన జవాబు చెప్పలేకపోయాను. మీకు చెప్పగలుగుతున్నాను. 2009 డిసెంబరు 31 నుంచి బాధితుడికి సొంతంగా అప్పీలు హక్కు వచ్చింది. అప్పట్లో సీఆర్‌పీసీ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) 372, ఇప్పుడు దాని స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్ 413. ముందుగా కోర్టు ప్రత్యేక అనుమతి కూడా అక్కర్లేదని మల్లికార్జున్ కొడగలి కేసులో 2018లో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పీలు మాత్రం మీ పేరు మీద కాదు, తమ్ముడి పేరు మీద వేయండి.

ఇక అసలు సంగతి. నిర్దోషి తీర్పు అంత తేలిగ్గా తిరగబడదు. సాక్ష్యాన్ని మొదటి నుంచీ మళ్లీ చూసే అధికారం హైకోర్టుకు ఉంది. కానీ రెండు అభిప్రాయాలకూ చోటుంటే, కింది జడ్జిగారి అభిప్రాయాన్నే ఉంచాలని చంద్రప్ప కేసులో 2007 నాటి సుప్రీంకోర్టు తీర్పు. కాబట్టి ‘మేం చెప్పిందీ నిజమే కదా’ అంటే సరిపోదు. జడ్జిగారు చూడాల్సింది చూడలేదని చూపించాలి.

మీ తీర్పులో ఆ లోటు నాకు కనిపించింది. ఎదురు తిరిగిన సాక్షుల గురించి నాలుగు పేజీలు రాశారు, తమ్ముడి సాక్ష్యం గురించి నాలుగే లైన్లు. గాయపడినవాడు అక్కడ ఉన్నాడా లేడా అన్న ప్రశ్నే రాదు, అందుకే అతని మాటకు కోర్టులు ప్రత్యేకంగా విలువ ఇస్తాయి. ఇంతమంది సాక్షులు ఉండాలని చట్టంలో ఎక్కడా లేదు. ఎదురు తిరిగిన ఇద్దరూ కేక విన్నామనీ, రక్తంతో తమ్ముణ్ణి చూశామనీ ఒప్పుకున్నారు. వాళ్లను హోస్టైల్ (ఎదురు తిరిగిన సాక్షులు) అన్నంత మాత్రాన ఆ ముక్క చెరిగిపోదు.

ఇంకొకటి. చంపే ఉద్దేశం రుజువు కాలేదనుకున్నా, మారణాయుధంతో తీవ్రగాయం చేసినందుకు 326 కింద శిక్ష వేయొచ్చు. వేళ్లు శాశ్వతంగా పనిచేయకపోవడం చట్టం దృష్టిలో తీవ్రగాయమే. తీర్పులో ఆ ఊసే లేదు.

మీకు బలహీనత ఒక్కటే, ఫిర్యాదు మర్నాడు ఇవ్వడం. తమ్ముడు ఆపరేషన్ థియేటర్‌లో ఉన్నాడని ఆస్పత్రి రికార్డు ఉంది కదా, దాన్ని ముందుపెట్టమనండి.

గడువు గురించి టెన్షన్ పడకండి గానీ, నెల దాటనివ్వకండి. సర్టిఫైడ్ కాపీ కోసం పట్టిన రోజులు గడువులోంచి తీసేస్తారు. లాయరు ఫీజు భారమైతే 15100కి ఫోన్ చేసి ఉచిత న్యాయసహాయం గురించి అడగండి. నిందితుడు విడుదలైనా బాధితుడికి నష్టపరిహారం సిఫారసు చేసే వీలు చట్టంలో ఉంది, అదీ లాయరుతో మాట్లాడండి.

లాయరు దగ్గరకు వెళ్లేముందు తమ్ముడి వాంగ్మూలం తెరిచి, ‘తల మీదికి వస్తుంటే చెయ్యి పెట్టాను’ అన్న మాట కింద ఎర్రపెన్నుతో గీత గీయండి. క్రాస్ ఎగ్జామినేషన్‌లో నిందితుడి లాయరు ఆ మాట మీద ఒక్క ప్రశ్న కూడా వేయలేదు.