88లో 44 స్థానాలు: థూరింజియాలో ప్రభుత్వం ఎలా ఏర్పడింది?

ప్రశ్న: జర్మనీలోని థూరింజియా రాష్ట్రంలో 2024 డిసెంబరులో ఏర్పడిన సంకీర్ణ ప్రభుత్వానికి శాసనసభలో సరిగ్గా సగం స్థానాలే ఉన్నాయని చదివాను. మెజారిటీ లేకుండా ముఖ్యమంత్రి ఎలా ఎన్నికయ్యారు? అందరికంటే ఎక్కువ స్థానాలు గెలిచిన పార్టీకి అవకాశం ఎందుకు రాలేదు?

జవాబు: మీరు చదివింది నిజమే. 2024 సెప్టెంబరు 1న జరిగిన ఎన్నికల్లో 88 స్థానాలకుగాను తీవ్ర రైటిస్టు పార్టీ ఏఎఫ్‌డీ 32, సంప్రదాయవాద సీడీయూ 23, ఆ ఏడాది జనవరిలోనే పుట్టిన బీఎస్‌డబ్ల్యూ 15, వామపక్షమైన డీ లింకె 12, సోషల్ డెమోక్రాట్ల పార్టీ ఎస్‌పీడీ 6 గెలుచుకున్నాయి. అంతకుముందు అధికారంలో భాగస్వామిగా ఉన్న గ్రీన్స్ పార్టీకి కనీసం 5 శాతం ఓట్లు కూడా రాకపోవడంతో సభలో చోటే దక్కలేదు. సంకీర్ణంలోని సీడీయూ, బీఎస్‌డబ్ల్యూ, ఎస్‌పీడీల బలం కలిపితే 44. మెజారిటీకి కావలసింది 45.

మీ రెండో ప్రశ్నకు ముందుగా సమాధానం చెబుతాను. ఆ రాష్ట్రంలో ప్రభుత్వం ఏర్పాటు చేయమని ఎవరినైనా పిలిచే అధికారి అంటూ లేరు. ముఖ్యమంత్రిని శాసనసభే చర్చ లేకుండా, రహస్య ఓటింగ్ ద్వారా ఎన్నుకుంటుంది. కాబట్టి అతి పెద్ద పార్టీ కావడం వల్ల ఏఎఫ్‌డీకి రాజ్యాంగపరంగా ఏ ప్రత్యేక హక్కూ రాలేదు. ఆ పార్టీ రాష్ట్ర శాఖను అక్కడి అంతర్గత నిఘా విభాగం 2021లోనే తీవ్ర రైటిస్టు సంస్థగా నిర్ధారించింది. మిగిలిన నాలుగు పార్టీల్లో ఏదీ దానితో కలవడానికి ఒప్పుకోలేదు. మరోవైపు, ఏఎఫ్‌డీతోనే కాక డీ లింకెతో కూడా పొత్తు ఉండకూడదని సీడీయూ 2018 నాటి జాతీయ మహాసభలో తీర్మానించుకుంది. థూరింజియాలో ఒక్క స్థానం లోటు ఏర్పడడానికి అసలు కారణం ఈ తీర్మానమే. బోడో రామెలో నాయకత్వంలో దాదాపు పదేళ్లు రాష్ట్రాన్ని పాలించిన డీ లింకెను, నిఘా విభాగం తీవ్రవాద సంస్థగా తేల్చిన పార్టీని ఒకే గాటన కట్టడం సరికాదని నా అభిప్రాయం.

ఇక ముఖ్యమంత్రి ఎన్నిక సంగతి. రాష్ట్ర రాజ్యాంగం 70వ అధికరణం ప్రకారం మొదటి రెండు విడతల్లో గెలవాలంటే మొత్తం సభ్యుల్లో మెజారిటీ కావాలి. మూడో విడతలో మాత్రం ఎవరికి ఎక్కువ ఓట్లు వస్తే వారే ముఖ్యమంత్రి. చూడడానికి సులువుగా ఉన్న ఈ నిబంధనలోనే పెద్ద చిక్కుంది. మూడో విడతలో ఒక్కరే పోటీలో ఉండి, అనుకూల ఓట్లకంటే వ్యతిరేక ఓట్లు ఎక్కువ పడితే ఆ వ్యక్తి గెలిచినట్టా, ఓడినట్టా అన్న విషయంలో న్యాయనిపుణులు ఏళ్ల తరబడి భిన్నాభిప్రాయాలతో ఉన్నారు. 2020 ఫిబ్రవరి 5న ఇదే మూడో విడత ఇంకో రకంగా అనర్థం తెచ్చింది. ఏఎఫ్‌డీ తన అభ్యర్థిని బరిలో ఉంచి కూడా అతనికి ఒక్క ఓటైనా వేయకుండా, సభలో 5 స్థానాలే ఉన్న ఉదారవాద పార్టీ ఎఫ్‌డీపీ నాయకుడు థామస్ కెమ్మెరిచ్‌ను బలపరచడంతో, ఆయన 45 ఓట్లతో, 44 ఓట్లు వచ్చిన రామెలోపై గెలిచారు. దేశమంతటా నిరసన చెలరేగగా మర్నాడే పదవి నుంచి తప్పుకుంటానని ప్రకటించారు. మార్చి 4న రామెలో తిరిగి ఎన్నికయ్యారు.

ఆ అనుభవం అందరికీ గుర్తుంది కనుకనే 2024లో మూడో విడత దాకా పోకుండా చూసుకోవడం ముఖ్యమైంది. ఎన్నికకు ముందు సంకీర్ణ పక్షాలు డీ లింకెతో సంప్రదింపులు జరిపాయి. డిసెంబరు 12న సీడీయూ నాయకుడు మారియో ఫోయ్‌గ్ట్ మొదటి విడతలోనే 51 ఓట్లతో గెలిచారు. 33 మంది వ్యతిరేకించగా నలుగురు తటస్థంగా ఉన్నారు. సంకీర్ణానికి బయటి నుంచి కనీసం 7 ఓట్లు పడ్డాయన్నమాట. ఓటింగ్ రహస్యం కాబట్టి అవి ఎవరివో రికార్డులో ఉండదు.

ప్రశ్న: ఈ సంకీర్ణాన్ని బ్లాక్‌బెర్రీ పేరుతో ఎందుకు పిలుస్తారు? శాఖల పంపకం ఎలా జరిగింది?

జవాబు: జర్మనీలో ప్రతి పార్టీకీ ఒక రంగు ఉంటుంది. సీడీయూ నలుపు, ఎస్‌పీడీ ఎరుపు, బీఎస్‌డబ్ల్యూ ఊదా. పండుతున్న బ్లాక్‌బెర్రీలో ఈ మూడు రంగులూ కనిపిస్తాయి కనుక ఆ పేరు వచ్చింది.

మంత్రుల నియామకం ముఖ్యమంత్రి అధికారమే అయినా, ఆచరణలో సంకీర్ణ ఒప్పందమే దాన్ని నిర్ణయిస్తుంది. బీఎస్‌డబ్ల్యూకు ఆర్థిక, పర్యావరణ, మౌలిక వసతుల శాఖలు, ఎస్‌పీడీకి హోం, సాంఘిక సంక్షేమ శాఖలు దక్కాయి. విద్య, న్యాయం, ఆర్థికాభివృద్ధి సీడీయూ చేతిలో ఉన్నాయి. ఆర్థిక మంత్రి అయిన బీఎస్‌డబ్ల్యూ నాయకురాలు కాట్యా వోల్ఫ్ ఈ ఒప్పందం కోసం తన పార్టీకి అప్పటి అధినేత్రి అయిన సారా వాగెన్‌క్నెష్ట్ అసంతృప్తిని సైతం భరించారు. ఉక్రెయిన్ యుద్ధం, అమెరికా క్షిపణుల మోహరింపు వంటి విదేశాంగ విషయాలను రాష్ట్ర ఒప్పందంలోకి తేవాలని అధినేత్రి పట్టుబట్టడం వల్లనే చర్చలు అంత సాగాయి.

బిల్లుల విషయంలో లోటు అలాగే ఉంది. ఓట్లు 44, 44గా చీలితే బిల్లు వీగిపోతుంది. అందువల్ల ప్రభుత్వం బిల్లులపై ముందుగానే ప్రతిపక్షంతో, ముఖ్యంగా డీ లింకెతో మాట్లాడుకోక తప్పదు. మూడింట రెండు వంతుల మద్దతు అవసరమైన రాజ్యాంగ సవరణల్లాంటి వాటికి ఈ ఏర్పాటు కూడా చాలదు. అందుకు 59 ఓట్లు కావాలి. ఏఎఫ్‌డీని మినహాయిస్తే సభలో మిగిలేది 56 మందే.