లైబ్రరీ ఫైలుకు దొంగ పేరు పెట్టకు

గాజువాక, విశాఖపట్నం

అమ్మలూ,

రాత్రి ఫోన్‌లో నీ గొంతు విన్నాక నాకు సరిగ్గా నిద్ర పట్టలేదు. రుషికొండలో ఉద్యోగంలో చేరి రెండు నెలలైనా కాలేదు, అప్పుడే సర్వర్ మార్చే పని నీ నెత్తిన పడింది. "పెదనాన్నా, డేటాబేస్ నడుస్తోంది, పాస్‌వర్డ్ కరెక్టే, ప్రోగ్రామ్ మాత్రం లేవట్లేదు. షేర్డ్ ఆబ్జెక్ట్ ఫైల్ తెరవలేనంటోంది" అన్నావు. సరిగ్గా అక్కడే నేనొకసారి పెద్ద తప్పు చేశాను. అది నువ్వు చేయకూడదు.

నీ ప్రోగ్రామ్ తెరవలేనన్న షేర్డ్ ఆబ్జెక్ట్ ఫైల్ అంటే లైబ్రరీయే. ప్రోగ్రామ్‌కీ డేటాబేస్‌కీ మధ్య మాట మోసేది అదే. పోస్ట్‌గ్రెస్ డేటాబేస్‌కి లిబ్‌పీక్యూ, మైఎస్‌క్యూఎల్ డేటాబేస్‌కి లిబ్‌మైఎస్‌క్యూఎల్‌క్లయింట్. మెషీన్‌లో ఆ డేటాబేస్‌తో మాట్లాడే ప్రోగ్రాములు చాలావరకు ఆ ఒక్క ఫైల్‌నే పంచుకుంటాయి. దాని పేరులో డాట్ ఎస్ఓ (.so) తర్వాత ఒక అంకె ఉంటుంది చూడు, మైఎస్‌క్యూఎల్ 5.7కి 20, 8.0కి 21. అంకె మారిందంటే లోపలి అమరిక మారిందని, పాత ప్రోగ్రామ్‌కి అది సరిపడదని అర్థం.

పోర్టు దగ్గర ఒక లారీ ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసులో బిల్లింగ్ ప్రోగ్రామ్‌ని కొత్త సర్వర్‌లోకి మార్చాను. అది పాత అంకె లైబ్రరీ అడిగింది. నేను కొత్తదానికే పాత పేరుతో లింక్, అంటే ఒక దొంగ పేరు, పెట్టేశాను. లేచింది. "వెర్షన్ సమాచారం లేదు" అని ఒక్క వార్నింగ్ లైన్ వచ్చింది, పట్టించుకోలేదు. రెండు రోజులు బాగానే నడిచింది. నెలాఖరు బిల్లులు తీస్తుండగా సెగ్మెంటేషన్ ఫాల్ట్ (తనది కాని మెమరీని ముట్టుకోవడం) కొట్టి పడిపోయింది. గేటు దగ్గర లారీలు బారులు తీరాయి. ఎండలో డ్రైవర్లు బిల్లు కాగితం కోసం కిటికీ దగ్గర నిలబడ్డారు. వాళ్ళ ముఖాలు ఇప్పటికీ మర్చిపోలేదు.

అందుకే లింక్ జోలికి వెళ్ళకు. ముందు ప్రోగ్రామ్ మీద ఎల్‌డీడీ (ldd) అనే కమాండ్ నడుపు, దానికి కావాల్సిన లైబ్రరీలన్నీ చూపిస్తుంది; ఏ లైన్‌లో "నాట్ ఫౌండ్" ఉందో చూడు. (ఎక్కడినుంచో వచ్చిన నమ్మకం లేని ఫైల్ మీద ఎల్‌డీడీ వాడకు. ఒక్కోసారి అది ఆ ఫైల్‌నే నడిపేస్తుంది.) అడిగిన అంకె లైబ్రరీ ప్యాకేజీ దొరికితే అదే ఇన్‌స్టాల్ చెయ్యి. దొరక్కపోతే ప్రోగ్రామ్‌నే కొత్త లైబ్రరీతో మళ్ళీ కంపైల్ చేయించు, అంటే సోర్స్ కోడ్ నుంచి మళ్ళీ తయారు చేయించు. టైమ్ పడుతుందని మీ మేనేజర్‌కి ధైర్యంగా చెప్పు.

లైబ్రరీ ఉండి కూడా కనబడకపోతే అది 32 బిట్టా 64 బిట్టా చూడు. రెండూ కలవవు. వేరే ఫోల్డర్‌లో ఉంటే ఆ దారిని, లైబ్రరీలు ఎక్కడ వెతకాలో చెప్పే ఎల్‌డీ సెట్టింగుల్లో (ld.so.conf) రాసి ఎల్‌డీకాన్ఫిగ్ (ldconfig) కమాండ్ నడుపు. ఆ దారినే ఎల్‌డీ లైబ్రరీ పాత్ (LD_LIBRARY_PATH) అనే సెట్టింగుగా, నువ్వు టెర్మినల్ తెరిచినప్పుడు చదివే నీ బాష్ ఫైల్‌లో పెట్టి ఊరుకోకు. నువ్వు చేత్తో నడిపితే లేస్తుంది, మెషీన్ తనంతట తానే నడిపే సిస్టమ్‌డీ సర్వీస్‌గా పెడితే లేవదు. ఆ ఫైల్‌ని సర్వీస్ చదవదు మరి.

ఇంకో మాట. అంకె కలిసింది కదా అని కూడా నిశ్చింతగా ఉండకు. లిబ్‌పీక్యూ అంకె పోస్ట్‌గ్రెస్ 8.2 నుంచీ 5గానే ఉంది. కానీ 2017లో 10వ వెర్షన్‌తో స్క్రామ్ అనే పాస్‌వర్డ్ పద్ధతి వచ్చింది, 14 నుంచి అదే డిఫాల్ట్. 10కి ముందటి లిబ్‌పీక్యూకి అది తెలియదు. ప్రోగ్రామ్ లేస్తుంది, లాగిన్ దగ్గర ఆగిపోతుంది. కాబట్టి ముందు ప్రోగ్రాములున్న మెషీన్లలో లిబ్‌పీక్యూ మార్చు, తర్వాతే సర్వర్‌లో పాస్‌వర్డ్ పద్ధతి ముట్టుకో. కొత్త లిబ్‌పీక్యూ పాత సర్వర్‌తో కూడా మాట్లాడగలదు, భయం లేదు. మార్చాక సర్వీసులన్నీ రీస్టార్ట్ చెయ్యి. చెయ్యకపోతే నడుస్తున్నవి మెమరీలో ఉన్న పాత లైబ్రరీతోనే నడుస్తుంటాయి.

పొద్దున ఆఫీసుకెళ్ళగానే ఎల్‌డీడీ చూపించింది మొత్తం, ఒక్క లైన్ వదలకుండా, నాకు వాట్సాప్ చెయ్యి. టెన్షన్ పడి అన్నం మానేయకు తల్లీ.

ప్రేమతో,
పెదనాన్న