కుటుంబాలు పెట్టిన పిజ్జా చైన్లు అంత నెమ్మదిగా ఎందుకు పెరుగుతాయి?

వాటి రుచి ప్రత్యేకమైన పొయ్యి మీద, పిండి మీద, చేయి తిరిగిన పనివాళ్ల మీద ఆధారపడి ఉంటుంది. ఈ మూడింటినీ కొత్త ఊళ్లో మళ్లీ సమకూర్చుకోవడానికి చాలా సమయం పడుతుంది.

అమెరికాలోని న్యూ హేవెన్ నగరంలో ఇటలీ నుంచి వలస వచ్చిన ఫ్రాంక్ పెపే, ఆయన భార్య 1925లో పెట్టిన పిజ్జేరియానే చూడండి. దాని రెండో శాఖ అదే రాష్ట్రంలోని ఫెయిర్‌ఫీల్డ్‌ అనే ఊళ్లో తెరుచుకున్నది 2006లో, అంటే 81 ఏళ్ల తర్వాత. అక్కడ పిజ్జా కాలేది బొగ్గుతో మండే పెద్ద ఇటుక పొయ్యిలో. గ్యాస్ ఓవెన్‌లా మీట తిప్పి వేడి తగ్గించడం కుదరదు. పొయ్యిలో ఒకచోట వేడి ఎక్కువ, ఇంకోచోట తక్కువ. పొడవాటి కర్ర తెడ్డుతో పిజ్జాను జరుపుతూ, అంచు అక్కడక్కడ నల్లబడి లోపల ఇంకా మెత్తగా ఉండగానే బయటికి తీయాలి. రోజూ చేస్తే తప్ప పట్టుబడని పని అది. అందుకే శాఖలు పెట్టేటప్పుడు పాత పొయ్యి నమూనాలోనే కొత్తవి కట్టించారు. ఖర్చైనా చాలా మంచి నిర్ణయం. తర్వాత న్యూయార్క్, మసాచుసెట్స్, ఫ్లోరిడా రాష్ట్రాల వరకూ వెళ్లారు.

చైన్ అంటే ఫ్రాంచైజీయే అని చాలామంది అనుకుంటారు. రెండూ ఒకటి కాదు. ఫ్రాంచైజీలో బయటివాళ్లు పెట్టుబడి పెట్టి, పేరు వాడుకున్నందుకు కంపెనీకి రాయల్టీ కడతారు. కాబట్టి శాఖలు త్వరత్వరగా వస్తాయి. సొంత శాఖలైతే ప్రతిదాని పెట్టుబడి, అప్పు, నష్టం యజమానులే మొయ్యాలి. ఏడాదికి ఒకటో రెండో శాఖలు తెరిచినంత మాత్రాన వ్యాపారం దెబ్బతిన్నట్టు కాదు.