డూప్‌గా మొదలైతే ఎన్నేళ్లు నిలవొచ్చు?

ప్రశ్న: మా అబ్బాయికి 19 ఏళ్లు. డిగ్రీ చదువుతున్నాడు, చిన్నప్పటి నుంచి జిమ్నాస్టిక్స్ చేస్తున్నాడు. ఇప్పుడు సినిమాల్లో స్టంట్‌మన్ అవుతానంటున్నాడు. రిచర్డ్ ఫార్న్స్‌వర్త్ అనే హాలీవుడ్ నటుడు అలాగే పైకొచ్చాడని చూపిస్తున్నాడు. ఆయన పేరే నేను వినలేదు. పేరు రాదు, పైగా ప్రాణాల మీదికి తెచ్చే పని. వద్దని ఎలా చెప్పాలి? - ఒక తల్లి

జవాబు: అమ్మా, మీ అబ్బాయి మంచి ఉదాహరణే తెచ్చాడు. ఆ జీవితాన్ని పూర్తిగా చూద్దాం.

ఫార్న్స్‌వర్త్ 1920లో పుట్టారు. గుర్రపుశాలలో పనిచేస్తూ స్వారీ నేర్చుకున్నారు. 1937లో సినిమాల్లోకి వచ్చింది ఆ స్వారీ వల్లే. తర్వాత దాదాపు నలభై ఏళ్లు హీరోలకు డూప్‌గా గుర్రాల మీంచి పడ్డారు, మధ్యమధ్య చిన్నాచితకా వేషాలు వేశారు. 1978లో వచ్చిన ఒక సినిమాతో సహాయ నటుడిగా ఆస్కార్ నామినేషన్ దక్కింది. 1999లో ‘ది స్ట్రెయిట్ స్టోరీ’లో ముఖ్యపాత్ర వేసి, 79 ఏళ్ల వయసులో ఉత్తమ నటుడి నామినేషన్ అందుకున్నారు.

మీవాడి కళ్లు ఆ నామినేషన్ల మీద ఉంటాయి. నన్ను ఆశ్చర్యపరిచేది మాత్రం మధ్యలోని ఆ నలభై ఏళ్లు. అన్నేళ్లూ ఆయన్ని పిలిచారంటే కారణం తెగువ ఒక్కటే కాదు. గుర్రాల పని ఆయనకు క్షుణ్ణంగా తెలుసు. ఒళ్లు వంగని వయసు వచ్చేసరికి కెమెరా ముందు నిలబడి మాట్లాడటమూ వచ్చింది. అందుకే మీవాడిని ‘ధైర్యం ఉందా’ అని అడగకండి. ఆ వయసులో అందరికీ ఉంటుంది. ‘నలభై ఏళ్లు వచ్చాక నిన్ను ఏ పనికి పిలుస్తారు?’ అని అడగండి.

జిమ్నాస్టిక్స్ గట్టి పునాది. గాల్లో ఒళ్లు ఎటు తిరుగుతోందో తెలియడం చాలామందికి ఏళ్లు పడుతుంది, అది మీవాడికి ఇప్పటికే ఉంది. కానీ అదొక్కటీ చాలదు. బ్రిటన్‌లో వృత్తిగా స్టంట్లు చేసేవాళ్ల జాబితా అయిన స్టంట్ రిజిస్టర్‌లో చేరాలంటే కనీసం ఆరు విద్యల్లో అర్హత చూపాలి. ఫైటింగ్, ఎత్తు నుంచి పడటం, స్వారీ లేదా డ్రైవింగ్, నీటిలో పని లాంటివి అందులో ఉంటాయి. మనవాడు అక్కడికి వెళ్లినా వెళ్లకపోయినా, ఆ జాబితా ఎదురుగా పెట్టుకుని లేనివి ఒక్కొక్కటీ నేర్చుకోవచ్చు. డిగ్రీ మానాల్సిన పని లేదు.

నా మాటగా ఇంకొకటి చెప్తాను: రోప్ వర్క్, రిగ్గింగ్ తప్పకుండా నేర్చుకోమనండి. తాడు ఎక్కడ కట్టాలి, ఎంత బరువు మోస్తుంది, కింద ఎయిర్ బ్యాగ్ ఎక్కడ ఉండాలి అన్నవి తెలిసినవాడికి దూకే వయసు దాటాక కూడా సెట్‌లో చోటుంటుంది. స్టంట్ కోఆర్డినేటర్‌గా ఎదిగే దారి కూడా అదే.

మీ భయం నిజమైనదే, దాన్ని నేను కొట్టిపారేయను. ఈ పనిలో దెబ్బలు తగులుతాయి. రిహార్సల్ సరిగా జరగని షాట్‌కి ‘చేయను సార్’ అనగలిగే స్థైర్యం ఉందో లేదో మీరే బాగా చెప్పగలరు. మొహమాటానికి ఒప్పుకునే పిల్లాడైతే నాకూ టెన్షనే. డబ్బు విషయానికొస్తే, పని ఉన్న రోజుకే కూలి. గాయపడి మంచాన పడితే రాబడి ఆగుతుంది. చాలా ప్రమాద బీమాలు స్టంట్ పనికి వర్తించవు కాబట్టి, పాలసీ తీసుకునేటప్పుడు వృత్తి దాచకుండా రాయించి, వర్తిస్తుందని కాగితం మీద తీసుకోండి.

వద్దని ఇప్పుడే చెప్పకండి. ఎవరైనా ఫైట్ మాస్టర్ అనుమతి తీసుకుని, ఒక రోజు రిహార్సల్ చూడటానికి ఇద్దరూ కలిసి వెళ్లండి. దూకేవాడి కంటే కింద నిలబడి తాడు పట్టుకున్నవాళ్లను గమనించండి. ఇంటికొచ్చాక మీవాడు ఎవరి గురించి ఎక్కువ మాట్లాడాడో నాకు రాయండి. తర్వాత ఏ శిక్షణ ముందు మొదలుపెట్టాలో అప్పుడు చెప్తాను.