నీతో నడిచిన మనిషి ఏరీ?

చిరంజీవికి ఆశీస్సులు.

నీ టోక్యో వ్యాసం, దానితోపాటు పంపిన ఉత్తరం అందాయి. వ్యాసాన్ని రెండుసార్లు చదివాను, ఉత్తరాన్ని నాలుగుసార్లు. దాచకుండా చెబుతున్నాను, నాకు ఉత్తరమే నచ్చింది.

వ్యాసంలో సెన్సోజీ గుడి చరిత్ర ఉంది, 634 మీటర్ల స్కైట్రీ టవరు ఉంది, షిబుయా కూడలి దాటే జనం ఉన్నారు. ఉత్తరంలో వేరే సంగతులున్నాయి. నిషి కసాయిలో మీ అన్నయ్య ఇంట్లో పది రోజులున్నావు. అందులో ఒక రోజుకు గైడును కుదుర్చుకున్నావు. యాభై దాటిన ఆవిడ పొద్దున సెన్సోజీ ఉన్న అసకుసా నుంచి సాయంత్రం యనకా పేట దాకా నీతో నడిచారు. బూట్లు కరుస్తున్నాయని నువ్వు చెప్పకముందే నీ నడక చూసి కనిపెట్టి, సంచిలోంచి ప్లాస్టరు తీసి ఇచ్చారు. ఒక కాలిన చెట్టు దగ్గర ఆగి కాసేపు ఏమీ మాట్లాడలేదు. ఇవన్నీ ఉత్తరంలో ఉన్నాయి. వ్యాసంలో ఆవిడే లేరు. ఆవిడ చెప్పిన సంగతులన్నీ మాత్రం ఉన్నాయి, నీకు చిన్నప్పటి నుంచీ తెలిసినట్టు.

ఎందుకలా చేశావో నాకు తెలుసు. ఇది గైడు చెప్పింది, అది గైడు చూపించింది అని రాస్తూ పోతే ఈ అమ్మాయి సొంతంగా చూసిందేముంది అంటారని నీ భయం. మొదట్లో నాకూ ఆ బెరుకు ఉండేది. కానీ భాష రాని ఊళ్లో, వీధి చివర బోర్డు చదవలేని చోట, ఎవరో చెయ్యి పట్టుకుని నడిపించారు. ఆ చేతిని చెరిపేస్తే వ్యాసంలో మిగిలేది రైల్వేస్టేషన్‌లో పంచే కరపత్రం.

ఆ చెట్టు దగ్గరికే వెళ్దాం. 1945 మార్చి 10 తెల్లవారకముందు అమెరికా విమానాలు కురిపించిన నిప్పుకు సెన్సోజీ ప్రధాన మందిరం బూడిదైంది. ఆ ఒక్క రాత్రిలో టోక్యో తూర్పు పేటల్లో దాదాపు లక్షమంది పోయారు. ఇప్పుడున్న మందిరం 1958లో తిరిగి కట్టింది. ఆవరణలోని గింకో చెట్టు కాలి కూడా బతికింది. దాని మొదలు మీద ఆనాటి నలుపు ఇంకా ఉంది. ఇదంతా నువ్వు వ్యాసంలో ఒక్క వాక్యంలో చుట్టేశావు: “రెండో ప్రపంచ యుద్ధంలో ఈ ప్రాంతం తీవ్రంగా దెబ్బతింది.” ఉత్తరంలో మాత్రం ఇలా రాశావు: “ఆవిడ చెట్టు మొదలు మీద చెయ్యి పెట్టి తీశారు. మసి అంటుకుందేమో అన్నట్టు వేళ్లు చూసుకున్నారు. మా అమ్మమ్మ కొతొతొయి వంతెన మీద ఎప్పుడూ నడిచేది కాదు అన్నారు. ఇంకేం చెప్పలేదు.”

ఈ నాలుగు వాక్యాలు రాసిన చెయ్యే ఆ ఒక్క వాక్యమూ రాసిందంటే నమ్మలేకపోయాను.

కొతొతొయి వంతెన సంగతి నువ్వు తర్వాత చదివి తెలుసుకున్నావు కదా. ఆ రాత్రి సుమిదా నదికి ఈ ఒడ్డున ఉన్నవాళ్లు అవతలి ఒడ్డు భద్రమనుకున్నారు. అవతలివాళ్లు ఇవతలి ఒడ్డు భద్రమనుకున్నారు. రెండు వైపుల నుంచీ వంతెన ఎక్కి నడిమధ్య చిక్కుకుపోయారు, మంట అక్కడికే వచ్చింది. ఆ వంతెన పాత రాళ్లు కొన్ని ఇప్పుడు పక్కనున్న సుమిదా పార్కులో ఉన్నాయి. ఈ వివరాలను అమ్మమ్మ మాట తర్వాత పెట్టి చూడు. ముందు వేళ్లు చూసుకున్న మనిషి, తర్వాత వంతెన ఎక్కని అమ్మమ్మ, ఆ తర్వాత వంతెన మీద ఏం జరిగిందో, చివరికి లక్ష అనే లెక్క. అప్పుడా లెక్క పాఠకుడికి బరువుగా తగులుతుంది. నువ్వు ఆ ఒక్క వాక్యంతో మొదలుపెట్టి అక్కడే ఆగిపోయావు.

ఒక్క మాట మాత్రం మరిచిపోకు. అచ్చుకు ఇచ్చేముందు ఆవిడకు రాసి అడుగు. అమ్మమ్మ జ్ఞాపకం వాళ్లింటిది. నడుస్తూ నీకు చెప్పినంత మాత్రాన నాలుగు వేలమంది పాఠకులకు చెప్పమన్నట్టు కాదు. వద్దంటే తీసెయ్యి, వ్యాసం పలచబడినా సరే. సరేనంటే పేరు లేకుండా రాయి. ఆవిడ రేపూ ఎల్లుండీ అవే వీధుల్లో నడిచి బతకాలి.

నా సంగతి ఒకటి చెబుతాను. మొదటిసారి టోక్యో వెళ్లి వచ్చాక రాసిన వ్యాసంలో సెన్సోజీ ముందున్న కమినరిమోన్ గురించి “వెయ్యేళ్లుగా నిలిచిన ద్వారం” అని రాశాను. పదో శతాబ్దంలో మొదట కట్టారని గైడు చెప్పగా విన్నాను, మిగిలింది నేనే ఊహించేసుకున్నాను. నెల తిరక్కుండా ఒక పాఠకుడి కార్డు వచ్చింది. ఆ ద్వారం 1865లో కాలిపోయింది, 1960 దాకా అక్కడ ద్వారమే లేదు, దయచేసి సరిచూసుకోండి అని. చాలా రోజులు తలెత్తుకోలేకపోయాను. తప్పు రాసినందుకు ఒక బాధ. అంతకన్నా మంచి కథ చేజార్చుకున్నందుకు ఇంకో బాధ. తొంభై అయిదేళ్లు లేని ద్వారం అది. జబ్బు నయం కావాలని ఆ గుడిలో మొక్కుకున్న మత్సుషితా కోనోసుకే, ఇప్పుడు పానసోనిక్ అంటున్న కంపెనీని పెట్టినాయన, కోలుకున్నాక దాన్ని తిరిగి కట్టించి ఇచ్చాడు. మొక్కు తీర్చుకోవడం అంటే ఏమిటో తెలుగు పాఠకుడికి వేరే చెప్పాలా?

ఆ రోజు మా గైడు నన్ను ద్వారం కింద నిలబెట్టి తల పైకెత్తమన్నాడు. దాదాపు నాలుగు మీటర్ల ఎర్ర కాగితపు లాంతరు, దాని అడుగున చెక్కలో చెక్కిన డ్రాగన్. చుట్టూ జనమంతా లాంతరు ముందు నిలబడి ఫోటోలు దిగుతున్నారు, కిందికొచ్చి పైకి చూసినవాళ్లు లేరు. నేను మెడ నొప్పి పుట్టేదాకా చూశాను. వ్యాసంలో మాత్రం దాని ఊసే ఎత్తలేదు, సమాచారం కాదనుకున్నాను. ఇవాళ ఆ వ్యాసంలో నేను పెట్టిన తేదీలు ఎవరికీ అక్కర్లేదు. ఆ డ్రాగన్‌ను రాసి ఉంటే ఒక్క పాఠకుడైనా అక్కడికి వెళ్లినప్పుడు తలెత్తి చూసేవాడు.

అప్పటి నుంచీ నోటుపుస్తకాన్ని రెండుగా వాడుతున్నాను. ఎడమ పేజీలో గైడు చెప్పింది, కుడి పేజీలో నేను చూసింది. ఎడమ పేజీలోది ఏదీ సరిచూడకుండా వ్యాసంలోకి రాదు. సరిచూసుకోలేకపోతే “అని చెప్పారు” అని చేర్చి రాస్తాను. కుడి పేజీ నాది, దానికి నేనే పూచీ. సాయంత్రం బసకు చేరాక చూసుకుంటే, ఎడమ పేజీలు నిండిపోయి కుడి పేజీలు ఖాళీగా ఉన్న రోజులు ఎన్నో. అంటే ఆ రోజంతా చెవులతోనే తిరిగానన్నమాట. నీ వ్యాసం చదువుతుంటే నీ కుడి పేజీలన్నీ ఉత్తరంలోకి వెళ్లిపోయాయనిపించింది.

ఇక భాష. యనకాలో నడిచిన చోటును “ఇరుకైన రహదారి” అని రాశావు. ఆవిడ జపనీస్ మాటను ఇంగ్లీషులోకి మార్చారు, నువ్వు ఆ ఇంగ్లీషును తెలుగులోకి మార్చావు. రెండు చేతులు మారేసరికి మాట అరిగిపోయింది. జపనీస్‌లో దాన్ని రొజి అంటారు. మనకు సందు ఉంది! గుమ్మాల ముందు పూలకుండీలు, గోడకు ఆనించిన సైకిలు, దండెం మీద ఆరేసిన బట్టలు, ఎదురుగా ఎవరైనా వస్తే ఒకరు పక్కకు ఒదిగి దారి ఇవ్వాల్సినంత వెడల్పు. అది అచ్చంగా సందే. ఇంగ్లీషు మాట్లాడే గైడుతో నడిచేటప్పుడు, దీన్ని మీ ఇంట్లో ఏమంటారు అని అడుగు. జపనీస్ మాట చెవిన పడగానే దానికి తగిన తెలుగు మాట దానంతట అదే లేచి వస్తుంది, మధ్యలో ఇంగ్లీషు అడ్డం పడకపోతే.

ఊరి పేర్లకూ ఇదే వర్తిస్తుంది. ఇంగ్లీషు అక్షరాలు చూసి “యూనో” అని రాశావు. అది ఉయెనొ. మన లిపిలో ఎ, ఏ, ఒ, ఓ అన్నీ ఉన్నాయి. జపనీస్ అచ్చుల పొడుగు పొట్టి రాసుకోవడానికి ఇంత వీలున్న లిపి చేతిలో పెట్టుకుని, విన్నది రాయకుండా ఇంగ్లీషు స్పెల్లింగు పట్టుకుని వేలాడడం ఎందుకు?

ఉయెనొ అంటే గుర్తొచ్చింది. షినోబజు చెరువు మధ్యలో బెంజైతెన్ గుడి దగ్గర ఒక పేరా నిండా మన సంస్కృతి ఖండాంతరాలు దాటిందని రాశావు. కొట్టెయ్యమని బతిమాలుతున్నాను. బెంజైతెన్ మన సరస్వతి అన్నది నిజం. బౌద్ధంతోపాటు చైనా మీదుగా వెళ్లింది, చేతిలో వీణకు బదులు బివా వాద్యం ఉంటుంది. అయితే అక్కడివాళ్లు ఆమెను డబ్బు కోసమూ మొక్కుతారు, ఆమె పక్కన పాము ఉంటుంది, ఆమె గుడి చాలాచోట్ల నీటి ఒడ్డునే ఉంటుంది. సరస్వతి మొదట నది కదా. మనం ఇంట్లో మరిచిపోయిన సంగతిని వాళ్లు చెరువు మధ్యలో గుడి కట్టి గుర్తుంచుకున్నారు. ఇది రాయి. ఇంకా మంచిది నీ ఉత్తరంలోనే ఉంది: గైడు పరీక్షకు ముందు ఆవిడ ఇక్కడికొచ్చి దణ్ణం పెట్టుకున్నారట. జపాన్‌లో గైడు వృత్తికి 1949 నుంచీ చట్టం ఉంది, జాతీయ పరీక్ష ఉంది. 2018లో ఆ చట్టం మారి, లైసెన్సు లేనివాళ్లు కూడా డబ్బు తీసుకుని ఊరు చూపించవచ్చన్నారు. ఆవిడ పాత కాలంలో చదివి పాసయినవారు. పరాయి భాషలో పరీక్ష రాయబోతున్న మనిషి వాగ్దేవి ముందు నిలబడింది. మన పిల్లలు బాసరలో నిలబడినట్టే. ఖండాంతరాల పేరా అవసరం ఇక ఎక్కడుంది?

దారి చెప్పే పద్ధతి గురించి నీ వ్యాసంలో ఏమీ లేదు. టోక్యోలో చాలా వీధులకు పేరుండదు. చిరునామాలో పేట పేరు, దాని భాగం, ఆ భాగంలో బ్లాకు, బ్లాకులో ఇంటి నంబరు. వీధి అంటే బ్లాకుకూ బ్లాకుకూ మధ్య మిగిలిన ఖాళీ. హైదరాబాద్‌లో వార్డు, బ్లాకు, ఇంటి నంబరు కలిపి అడ్డగీతలతో రాసే పాత చిరునామాలు తెలిసిన నీకు ఇది చప్పున అర్థం కావాలి. అందుకే అక్కడివాళ్లు గుర్తులు చెప్పి దారి చూపిస్తారు. ఆవిడ నీకు ఏ గుర్తులు చెప్పారు? రాసుకున్నావా?

ఇంకో పని చెబుతాను, మళ్లీ అవకాశం వచ్చినప్పుడు చెయ్యి. గైడుతో నడిచిన దారిలోనే మర్నాడు ఒంటరిగా నడు. కొత్త చోటు చూడొద్దు. నిన్న మాటల్లో పడి దాటిపోయినవి కనిపిస్తాయి. కాలిబాట మీద చూపు లేనివాళ్ల కోసం పరిచిన పసుపు పలకల గరుకు అరికాలికి తెలుస్తుంది. వాటిని మొదట వేసింది 1967లో, జపాన్‌లోనే ఒకయామా నగరంలో. కప్పబషి వంటసామాన్ల వీధిలో హోటళ్లు నమూనాగా పెట్టుకునే, మైనంలా మెరిసే ప్లాస్టిక్ భోజనం ముందు నిన్న ఒక నిమిషం ఆగినదానివి ఇవాళ పావుగంట ఆగుతావు. దారి తప్పుతావు. వీధిలోని చిన్న పోలీసు చౌకీ దగ్గరికి వెళ్లి సైగలతో అడుగుతావు. ఆ తప్పిన దారే నీది. దాన్ని నిన్నటి దారితో పోల్చి చూస్తే గైడు నీకు ఏం ఇచ్చారో తెలుస్తుంది.

గైడుతో మాట్లాడుకునేటప్పుడే చివరి గంటకు ఏ కార్యక్రమమూ వద్దని చెప్పు. ఇక్కడ చూడాల్సిందేమిటి అని అడిగితే అందరికీ చూపించేదే చూపిస్తారు. చిన్నప్పుడు ఇక్కడ ఎక్కడ ఆడుకునేవారు, ఈ వీధిలో మీరు ఏం కొనుక్కుంటారు అని అడుగు.

చివర్లో నువ్వు ఎక్కువ ఇవ్వబోయిన నోటును ఆవిడ రెండు చేతులతో వెనక్కి జరిపి వంగి నమస్కరించారని రాశావు. అక్కడ టిప్పు ఇచ్చే అలవాటు లేదు. ఆ సంగతి ఒక వాక్యంలో ముగించి, ఆ రెండు చేతులను రాయి.

యనకా నీకు బాగా నచ్చిందని ఉత్తరం చెబుతోంది. 1923 భూకంపమూ, 1945 మంటలూ ఊరిని ఊడ్చేసినా ఆ పేట చాలావరకు మిగిలింది. అక్కడి యూయకె దందన్ మెట్లు 36, పేరుకు అర్థం సంధ్య ఎర్రబారే మెట్లు అన్నారు సరే. మెట్ల మీద కూర్చున్నప్పుడు ఊరి లౌడుస్పీకర్లలో పాట వినిపించిందా? చాలా వార్డుల్లో సాయంత్రం అయిదింటికి, చలికాలంలో కొన్నిచోట్ల ఇంకా ముందే, ఆపద హెచ్చరికల స్పీకర్లు పనిచేస్తున్నాయో లేదో చూడటానికి పిల్లల పాట వేస్తారు. పిల్లలు ఇళ్లకు వెళ్లే వేళ అన్నమాట. ఆవిడ ఆ పాటకు ఏమైనా అన్నారా?

యనకాలో మూడు దారులు కలిసే చోట పెద్ద చెట్టు కింద ఆగి నీళ్లు తాగామని రాశావు. అది మన హిమాలయాల దేవదారు. కుండీలో పెంచిన మొక్క అంతైందని చెబుతారు. దాని మొదలు దగ్గర ఒక పాత చిన్న రొట్టెల దుకాణం ఉంది. మీరు వెళ్లిన వేళకు అది తెరిచి ఉందా, మూసి ఉందా? నీ నోటుపుస్తకంలో వెతికి, దొరికితే నాకు రాయి. తిరగరాసిన వ్యాసం కోసం తొందర లేదు, సంక్రాంతి తర్వాత పంపినా చాలు.

నీ శ్రేయోభిలాషి