కొరియా తొలి సినిమా నిర్మాత ఎవరు? ఆయన చేసిన పనేమిటి?

సాధారణంగా చెప్పే పేరు పాక్ సుంగ్‌పిల్. ఆయన అసలు వృత్తి థియేటర్ నడపడం. సియోల్‌లోని తాన్‌సంగ్‌సా అనే థియేటర్ 1918 నుంచి ఆయన చేతిలో ఉంది. హాలు, ప్రేక్షకులు ముందే ఉన్నారు కాబట్టి బొమ్మ తీస్తే ఎక్కడ ఆడించాలన్న బెంగ లేదు. ఆయన అసలు బలం అదే.

1919లో కిమ్ దోసాన్ నాటక బృందానికి డబ్బు పెట్టి 'ఉయిరిజక్ కుటో' తీయించారు. ఖర్చు 5,000 వన్ అంటారు. నిజానికి అది పూర్తి సినిమా కాదు, కినో డ్రామా. వేదిక మీద నాటకం నడుస్తుంది. స్టేజీ మీద చూపలేని ఆరుబయటి ఘట్టం రాగానే దీపాలార్పి, తెర దించి, ఆ ముక్క ఫిల్ము వేస్తారు. మళ్లీ వెలుగు, మళ్లీ నటులు. కెమెరామన్ మాత్రం జపాన్ నుంచి రావలసి వచ్చింది. అది విడుదలైన అక్టోబర్ 27నే కొరియాలో ఇప్పటికీ సినిమా దినంగా జరుపుతారు.

కెమెరామన్‌ను బయటి నుంచి తెచ్చుకోవలసిన ఆ లోటు 1924లో తీరింది: 'చాంగ్‌హ్వా హాంగ్న్యన్ జన్' సినిమాకు కొరియన్లతోనే పని చేయించారు, కెమెరా లీ పిల్‌ఊ అనే కొరియన్‌ది. పాక్ 1932లో పోయారు.