సంగీతోత్సవంలో ఫోటోలూ సమీక్షా రెండూ ఒక్కరే చేయగలరా?

సంగీతోత్సవానికి ఒక్కరే వెళ్లి ఫోటోలు తీసి, సమీక్ష కూడా రాస్తే రెండింటిలో ఏదో ఒకటి దెబ్బతినదా అని అడిగారు. చాలాకాలంగా ఈ రెండు పనులూ చేస్తున్న నా అనుభవంలో అది సాధ్యమే, కాకపోతే రెండూ ఒకే సమయంలో కుదరవు.

ఈ విభజనను పెద్ద వేదికల నియమమే చేసిపెడుతుంది. వేదికకూ ప్రేక్షకుల ముందున్న కంచెకూ మధ్య ఉండే ఫోటో పిట్‌లోకి సాధారణంగా మొదటి మూడు పాటల వరకే అనుమతిస్తారు, ఫ్లాష్ వాడనివ్వరు. ఫోటోగ్రాఫర్లు దీన్ని తిట్టుకుంటారు గానీ, రాయవలసిన వాళ్లకు ఇది మేలే. ఆ కొద్ది నిమిషాలూ నేను పాటను అంచనా వేయను. పిట్‌లో బాస్ స్పీకర్లు ఛాతీకి ఎదురుగా మోగుతుంటాయి, ఎత్తున కట్టిన ప్రధాన స్పీకర్ల శబ్దం తల మీదుగా జనంలోకి పోతుంది. అక్కడ విన్నదాన్ని బట్టి గాత్రం వాద్యాల్లో మునిగిపోయిందని రాస్తే గాయకులకు అన్యాయం చేసినట్టే. మూడో పాట అయిపోగానే వెనక్కి నడిచి గాత్రాన్నీ వాద్యాలనూ కలిపి శబ్దాన్ని సరిచేసే మిక్సింగ్ డెస్క్ దగ్గర నిలబడితే, సౌండ్ ఇంజనీరు వింటున్నదే మనమూ వింటాం. నా సమీక్ష అక్కడే మొదలవుతుంది.

కెమెరా విషయానికొస్తే, ఎక్కువ వెలుతురును లోపలికి రానిచ్చే ఎఫ్/2.8 లెన్స్, 1/250 సెకను షట్టర్ వేగం, ఐఎస్ఓ (వెలుతురుకు కెమెరా స్పందించే స్థాయి) 3200 దగ్గర మొదలుపెట్టి, వెలుతురును బట్టి మార్చుకుంటాను. అసలు చిక్కు ఎర్రటి ఎల్‌ఈడీ లైట్లతో వస్తుంది. ఫోటోలో వెలుగునీడలు ఎంతెంత ఉన్నాయో చూపే గ్రాఫ్, అంటే సగటు హిస్టోగ్రామ్, బాగానే కనిపిస్తున్నా ఎరుపు రంగును నమోదు చేసే ఛానెల్ ఒక్కటీ హద్దు దాకా నిండిపోయి ముఖంలో వివరాలు మాయమవుతాయి. అందువల్ల కెమెరా సెన్సర్ నమోదు చేసిన సమాచారాన్ని దాదాపు యథాతథంగా దాచే రా ఫార్మాట్‌లో, ఎక్స్‌పోజర్ కాస్త తగ్గించి తీయడం మంచిది. కదిలే తెర లేకుండా సెన్సరే చిత్రాన్ని వరుసలుగా చదివే ఎలక్ట్రానిక్ షట్టర్ వాడితే ఈ లైట్ల కింద అడ్డచారలు పడే ప్రమాదం ఉంది. ఇక పాడుతున్నప్పటి కంటే, గాయని మైకు నుంచి ఒక అడుగు వెనక్కి వేసే క్షణంలోనే ముఖం అడ్డులేకుండా దొరుకుతుంది.

బయలుదేరే ముందు కెమెరా గడియారాన్ని ఫోన్ సమయంతో సరిచూసుకోండి. నోట్సులో ప్రతి పాట పక్కనా సమయం వేసుకుంటే, రాత్రి హడావిడిగా క్యాప్షన్లు రాసేటప్పుడు ఏ ఫోటో ఏ పాటదో వెతుక్కోనక్కరలేదు.

ఇయర్‌ప్లగ్‌లు తప్పనిసరి. అమెరికాలోని వృత్తి భద్రతా పరిశోధన సంస్థ నయోష్ ప్రమాణం ప్రకారం 85 డెసిబెల్స్ శబ్దాన్ని ఎనిమిది గంటలు భరించవచ్చు. ఆపైన ప్రతి 3 డెసిబెల్స్‌కూ ఆ వ్యవధి సగమవుతూ, 100 దగ్గర పదిహేను నిమిషాలకు పడిపోతుంది.

చివరగా, కొందరు కళాకారుల ప్రతినిధులు పిట్‌లోకి పంపేముందు ఒప్పందంపై సంతకం అడుగుతారు. ఫోటోను ఒకే పత్రికలో ఒకేసారి వాడాలనే షరతుకు నేను ఒప్పుకుంటాను. హక్కులన్నీ వారికే బదిలీ చేయాలంటే మాత్రం ఒప్పుకోను. 1967లో మొదలైన రోలింగ్ స్టోన్ పత్రికకు తొలి ప్రధాన ఫోటోగ్రాఫర్‌గా పనిచేసిన బారన్ వుల్మన్ తన చిత్రాల హక్కులను తన దగ్గరే ఉంచుకున్నారు. నాకు అలాంటి షరతు ఎదురైనప్పుడు కెమెరాను సంచిలోనే ఉంచి, ప్రేక్షకుల మధ్య నిలబడి విని, సమీక్ష మాత్రమే పంపుతాను.